ఓపెన్ మ్యారేజ్, పాలీఅమరీ: మా ఆయన అడుగుతున్నారు, ముందు నాకు అర్థం కావాలి

వెన్నెల_కె | న్యూజెర్సీ

అందరికీ నమస్తే. చాలా రోజులుగా ఇక్కడ చదువుతున్నాను, రాయడం ఇదే మొదలు. మాకు పెళ్లయి ఎనిమిదేళ్లు, ఆరేళ్ల పాప ఉంది. ఈమధ్య ఒక రాత్రి పాప పడుకున్నాక మా ఆయన నన్ను కూర్చోబెట్టి, ఓపెన్ మ్యారేజ్ గురించి ఏమనుకుంటావని అడిగారు. ఆఫీసులో ఒకావిడతో చనువు పెరిగిందట. ఇంకా ఏమీ జరగలేదట. నాకు చెప్పకుండా ఏ పనీ చేయనన్నారు. "నీకూ అదే స్వేచ్ఛ ఉంటుంది, మన మధ్య ఏదీ మారదు" అంటున్నారు. అప్పటి నుంచి పాలీఅమరీ (అందరికీ తెలిసి, ఒప్పుకుని ఒకరికంటే ఎక్కువ మందితో ప్రేమబంధం) మీద వ్యాసాలు, పాడ్‌కాస్ట్‌లు పంపుతున్నారు.

నేను అరవలేదు. దొంగచాటుగా చేయకుండా అడిగారు కదా అని ఒక పక్క అనిపిస్తోంది. ఇంకో పక్క నిద్ర పట్టడం లేదు. ఆయన పంపినవన్నీ ఇక్కడి అమెరికన్లు తమ కోసం రాసుకున్నవి. మనవాళ్లలో ఇలా బతుకుతున్నవాళ్లు ఉన్నారా? రోజూ ఎలా నడుస్తుంది? తిట్లు, వెటకారాలు వద్దు దయచేసి. అమ్మకు చెప్పలేను, ఇక్కడి స్నేహితులకు అసలే చెప్పలేను.

రవి_మాస్టారు | గుంటూరు

తిట్టనమ్మా. నాకు తోచింది మాత్రం చెబుతాను. మా తాతల కాలంలో మోతుబరులకు చిన్నిల్లు ఉండేది. ఊరందరికీ తెలుసు, ఇంట్లో ఆవిడకూ తెలుసు. ఆవిడ నోరెత్తేది కాదు, ఎత్తితే వెళ్లడానికి చోటు లేదు. ఇప్పుడు అదే పాడ్‌కాస్ట్‌లో వస్తోంది. నీకూ స్వేచ్ఛ ఉందంటున్నాడు సరే, పాపను చూసుకుంటూ ఆ స్వేచ్ఛ నువ్వు ఎప్పుడు వాడుకుంటావు?

సీతాకోక | బెంగళూరు

మాది రాజమండ్రి, ఉద్యోగం బెంగళూరులో. చాలా ఏళ్లుగా పాలీఅమరీలోనే ఉన్నాను కాబట్టి కాస్త వివరంగా రాస్తాను.

రవి మాస్టారూ, చిన్నిల్లు సంగతి మీరు సరిగ్గానే పట్టుకున్నారు. ఆ పెద్దావిడకు విషయం తెలుసు, కానీ ఆవిడను ఎవరూ అడగలేదు. మా పద్ధతిలో అడగడమే అన్నిటికంటే ముందుండాలి. అడిగినప్పుడు "వద్దు" అన్నా ఇల్లు, డబ్బు, పిల్లలు, గౌరవం ఎక్కడివక్కడే ఉండాలి. అది లేనిచోట నేనైతే దాన్ని పాలీఅమరీ అనను.

వెన్నెల గారూ, వీటిలో రకాలున్నాయి. మీ ఆయన ఏది అడుగుతున్నారో ముందు తేల్చుకోండి. ఓపెన్ రిలేషన్‌షిప్ అంటే సాధారణంగా ప్రేమ ఇద్దరి మధ్యే ఉంటుంది, శారీరక సంబంధం బయట ఉండొచ్చు. స్వింగింగ్‌లో జంటలు జంటలుగా కలుస్తారు, మనసు ఇచ్చిపుచ్చుకోవడాలు ఉండకూడదనుకుంటారు. పాలీఅమరీలో ప్రేమకే చోటు ఉంటుంది. ఒకరికి ఇద్దరు భాగస్వాములు ఉండొచ్చు, ఆ ఇద్దరికీ ఒకరి సంగతి ఒకరికి తెలుస్తుంది. మీరు చెప్పినదాన్ని బట్టి ఆయన ఓపెన్ అంటూ పాలీఅమరీ అడుగుతున్నారు. ఆఫీసులో ఆవిడతో చనువు అంటే మనసు సంగతే కదా.

నా సంగతి చెబుతాను. నాకు ఇద్దరు భాగస్వాములు. ఒకరితో కలిసి ఉంటాను, ఇంకొకరు మైసూరులో ఉంటారు. వాళ్లిద్దరి మధ్య ప్రేమ లేదు, మంచి స్నేహం ఉంది. ముగ్గురి ఫోన్లలోనూ ఒకే క్యాలెండర్. ఎవరు ఎప్పుడు ఎక్కడ ఉంటారో అందులో ఉంటుంది. మా మధ్య గొడవలు ఎక్కువగా టైమ్ గురించే వస్తాయి. ప్రేమ పంచితే తరగదని అంటారు, నేనూ నమ్ముతాను. కానీ శనివారం సాయంత్రం ఒక్కటే ఉంటుంది. ఒకరికి జ్వరం వచ్చిన రోజే ఇంకొకరి పుట్టినరోజైతే ఏం చేయాలో ఏ పాడ్‌కాస్టూ చెప్పదు, ముగ్గురం కూర్చుని మాట్లాడుకోవాల్సిందే. వినే ఓపిక లేనివాళ్లు దీని జోలికి రాకపోవడం మంచిది.

కార్తీక్_హెచ్‌వైడీ | హైదరాబాద్

నా ఉద్దేశంలో ఒక్కరితోనే జీవితాంతం ఉండటం అన్నది సమాజం మన మీద రుద్దింది. అసూయ అంటేనే ఎదుటి మనిషిని సొంత ఆస్తి అనుకోవడం. మన సంస్కృతిలో మాత్రం లేదా? ద్రౌపదికి ఐదుగురు భర్తలు. ఒకప్పుడు నీలగిరుల్లో తోడా తెగవాళ్లలో, హిమాలయాల్లో కొన్నిచోట్ల ఇప్పటికీ అన్నదమ్ములు కలిసి ఒకే అమ్మాయిని చేసుకోవడం ఉంది. ఇది పాశ్చాత్యులది అనడం తప్పు.

సీతాకోక | బెంగళూరు

కార్తీక్, ఆ అసూయ మాట దయచేసి వద్దు తమ్ముడూ. ఇన్నేళ్ల తర్వాత కూడా నాకు అసూయ వస్తుంది. నేను ఎక్కడో వెనకబడ్డాననో, భయపడుతున్నాననో అది నాకు చెబుతుంది. దాన్ని పట్టుకుని "నీకు ఇంకా ఎదుగుదల రాలేదు" అని భార్యను నోరు మూయించే మగవాళ్లను చాలామందిని చూశాను. ఒక్కరితోనే ఉండాలనుకోవడం కూడా పూర్తిగా ఆలోచించి చేసుకునే ఎంపికే.

శారద_టీచర్ | తెనాలి

చరిత్ర పాఠాలు చెప్పిన దాన్ని కాబట్టి కార్తీక్ మాటకు జవాబు ఇవ్వకుండా ఉండలేను.

హిమాచల్‌లోని సిర్మౌర్ జిల్లాలో, ఉత్తరాఖండ్ జౌన్‌సార్ బావర్ ప్రాంతంలో అన్నదమ్ములకు ఒకే భార్య ఉండే ఆచారం ఉన్నమాట నిజం. 2025 జూలైలో సిర్మౌర్ షిల్లాయి ప్రాంతంలో హట్టీ తెగకు చెందిన ఇద్దరు అన్నదమ్ములు ఒకే అమ్మాయిని బహిరంగంగా పెళ్లి చేసుకుంటే దేశమంతా వార్త అయింది. ఆ అమ్మాయి తన ఇష్టంతోనే చేసుకున్నానని చెప్పింది. ఆమె మాటను నేను కాదనను. కానీ ఆ ఆచారం పుట్టింది ప్రేమ గురించి కాదు. కొండల్లో మెట్లు మెట్లుగా చేసుకున్న కొద్దిపాటి పొలం అన్నదమ్ముల మధ్య ముక్కలు కాకుండా, ఒకరు పొలంలో, ఒకరు గొర్రెల వెంట, ఒకరు ఇంటి దగ్గర ఉండేలా చేసుకున్న ఏర్పాటు అది. ద్రౌపది అయితే, అన్నదమ్ములు పంచుకోండని అత్తగారు అన్నది. ఆ తర్వాత పెద్దల మధ్య ధర్మచర్చ అంతా జరిగింది. నీకిష్టమేనా అని ద్రౌపదిని ఎవరు అడిగారు?

మన సంగతికి వస్తే, కోస్తా, రాయలసీమ అప్పట్లో మద్రాసు రాష్ట్రంలో ఉండేవి. హిందువుల్లో రెండో పెళ్లి చెల్లదని మద్రాసు 1949లోనే చట్టం చేసింది. దేశం మొత్తానికి హిందూ వివాహ చట్టం 1955లో వచ్చింది. అంతకు ముందు మగవాడు ఎన్ని పెళ్లిళ్లయినా చేసుకోవచ్చు. మా నాయనమ్మ మా తాతకు రెండో భార్య. మొదటావిడ బతికే ఉంది, అదే ఇంట్లో వంట చేసేది. వాళ్లిద్దరూ ఒకరినొకరు "అక్కా", "చెల్లీ" అనే పిలుచుకునేవారు, ప్రేమగానే ఉండేవారు. అయినా మా నాయనమ్మ తన కూతుళ్ల సంబంధాలు చూసేటప్పుడు మొట్టమొదట అడిగిన ప్రశ్న, అబ్బాయికి ఇంతకు ముందు పెళ్లయిందా అని. ఆ 1949 చట్టం కోసం ఆడవాళ్లు ఎందుకు ఎదురుచూశారో నాకు అక్కడే అర్థమైంది. కాబట్టి ఒకరికంటే ఎక్కువ మంది ఉండటం మనకు పాతదే. అందులో ఆడమనిషి ఇష్టం అడగడం మాత్రం కొత్త. ఆ కొత్తదే మాట్లాడుకోవాల్సింది.

మాధవి_అడ్వకేట్ | వరంగల్

చట్టం సంగతి నేను చెబుతాను. చాలామందికి సగమే తెలుసు.

ఇద్దరు పెద్దవాళ్లు ఇష్టపడి పెళ్లి లేకుండా కలిసి ఉంటే అది నేరం కాదని 2010లో ఖుష్బూ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2018 సెప్టెంబరు 27న జోసెఫ్ షైన్ కేసులో పాత శిక్షాస్మృతి 497 సెక్షన్‌ను కొట్టేసింది. ఆ సెక్షన్ ఎలా ఉండేదో తెలుసా? ఇంకొకరి భార్యతో ఆ భర్త అనుమతి లేకుండా సంబంధం పెట్టుకుంటే ఆ మగవాడికి శిక్ష. భర్త ఒప్పుకుంటే నేరం లేదు. ఆమె ఇష్టం లెక్కలోనే లేదు. శారద గారు చెప్పినదాన్నే చట్టం 158 ఏళ్లు రాసి పెట్టుకుంది.

నేరం కానంత మాత్రాన అంతా అయిపోలేదు. వివాహేతర సంబంధం ఇప్పటికీ విడాకులకు కారణమే, హిందూ వివాహ చట్టం 13వ సెక్షన్. ఇక్కడే వెన్నెల గారు ఒక విషయం గుర్తుపెట్టుకోవాలి. అదే చట్టం 23వ సెక్షన్ ప్రకారం, ఆ సంబంధానికి మీరే తోడ్పడినా, చూసీ చూడనట్టు ఊరుకున్నా, క్షమించినా, తర్వాత అదే కారణంతో విడాకులు అడిగితే కోర్టు ఇవ్వకపోవచ్చు. అంటే ఈరోజు మీరు ఒప్పుకుంటూ పంపే వాట్సాప్ మెసేజ్‌కు రేపు చట్టంలో విలువ ఉంటుంది. అర్థం కాకుండా ఏదీ రాసివ్వకండి.

రెండో పెళ్లి మాత్రం నేరమే. భార్య ఒప్పుకున్నా నేరమే. భారతీయ న్యాయ సంహిత 82వ సెక్షన్, ఏడేళ్ల దాకా జైలు. మొదటి పెళ్లి దాచి చేసుకుంటే పదేళ్ల దాకా. గుళ్లో దండలు మార్చుకున్నాం అంతే అని వచ్చేవాళ్లు ఉంటారు, వాళ్ల కోసం చెబుతున్నాను.

ఇక మూడో మనిషికి మన చట్టంలో నిలబడటానికి చోటు లేదు. పెళ్లయినవాడని తెలిసి అతనితో కలిసి ఉన్న స్త్రీకి గృహహింస చట్టం కింద రక్షణ రాదని 2013లో ఇంద్రా శర్మ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. పిల్లలు పుడితే మాత్రం వాళ్లకు తండ్రి నుంచి పోషణ ఖర్చు వస్తుంది, పెళ్లిలో పుట్టారా లేదా అన్నది అడ్డు కాదు.

నీలాంబరి | పుణె

మాధవి గారు మూడో మనిషి అన్నారు. ఆ మూడో మనిషిని నేనే.

అందరూ వెన్నెల గారి గురించే మాట్లాడుతున్నారు, అది న్యాయమే. ఆ ఆఫీసు ఆవిడ గురించి కూడా ఎవరో ఒకరు మాట్లాడాలని రాస్తున్నాను. నేను ఒక జంటతో పరిచయమై, అతన్ని ప్రేమించాను. ఆయన భార్యకు మొదటి నుంచీ తెలుసు, నాతో ఎంతో బాగా ఉండేది. కానీ నేను వచ్చేసరికే నియమాలన్నీ రాసుకుని ఉన్నారు. రాత్రి ఉండకూడదు. ఫోటోలు పెట్టకూడదు. ఇద్దరిలో ఎవరైనా "ఇక చాలు" అంటే నాతో సంబంధం అక్కడితో ఆగిపోవాలి. ఆ నియమాల్లో ఒక్కటి కూడా నన్ను అడిగి పెట్టలేదు.

వాళ్ల ఇంట్లో పెద్దవాళ్లకు విషయం కొంచెం తెలిసింది. మర్నాడు నాకు మెసేజ్ వచ్చింది, ఇక కలవడం కుదరదని. ఎవరి మీదా కేసు పెట్టే విషయం కాదు. ఎవరి దగ్గరైనా ఏడవడానికి కూడా లేదు, ఎందుకంటే మా అమ్మకు, రూమ్‌మేట్‌కు నేను ఒంటరిదాన్నే. భార్యాభర్తలు తమ పెళ్లి కాపాడుకోవడానికి పెట్టుకునే ప్రతి కంచె అవతలా ఒక మనిషి నిలబడి ఉంటుంది. మీ ఆయన ఆ ఆవిడకు నిజం చెప్పారా వెన్నెల గారూ? తను దేనికి ఒప్పుకుంటోందో ఆమెకు తెలుసా?

డాక్టర్_సుధ | విశాఖపట్నం

ఆరోగ్యం గురించి ఎవరూ రాయలేదు. క్లుప్తంగా చెబుతాను.

కొత్త భాగస్వామి వచ్చే ముందు ఆ కలయికకు సంబంధించిన అందరూ హెచ్‌ఐవీ, సిఫిలిస్, హెపటైటిస్ బి, గనేరియా, క్లమీడియా పరీక్షలు చేయించుకోవాలి. క్లమీడియా ఆడవాళ్లలో చాలాసార్లు ఏ లక్షణమూ లేకుండా ఉండి గర్భసంచి గొట్టాలను పాడు చేస్తుంది. "నాకేమీ లేదు, బాగానే ఉన్నాను" అన్న మాటను పరీక్షగా తీసుకోకండి. హెచ్‌ఐవీ సోకిన వెంటనే పరీక్షలో కనపడదు. ల్యాబ్‌లో చేసే యాంటిజెన్, యాంటీబాడీ పరీక్షకైనా 45 రోజులు ఆగి మళ్లీ చేయించుకుంటేనే ఖాయంగా తెలుస్తుంది. ప్రభుత్వ ఆసుపత్రుల్లోని ఐసీటీసీ (హెచ్‌ఐవీ కౌన్సెలింగ్, పరీక్ష) కేంద్రాల్లో హెచ్‌ఐవీ పరీక్ష ఉచితం, వివరాలు గోప్యంగా ఉంచాలని 2017 హెచ్‌ఐవీ చట్టం చెబుతోంది. హెపటైటిస్ బి, హెచ్‌పీవీ టీకాలు పెద్దవాళ్లు కూడా వేయించుకోవచ్చు, మీ డాక్టరును అడగండి. కండోమ్ జారినా, చిరిగినా, ఎదుటివారి పరిస్థితి తెలియకపోతే హెచ్‌ఐవీ సోకకుండా 72 గంటల్లోపు మందు మొదలుపెట్టాలి.

ఒక విషయం న్యాయంగా చెప్పాలి. అమెరికాలో టెర్రీ కాన్లీ బృందం 2012లో ప్రచురించిన అధ్యయనంలో, భాగస్వామికి తెలియకుండా మోసం చేస్తున్నవాళ్ల కంటే ఒప్పందంతో ఇతరులతో ఉన్నవాళ్లే కండోమ్ ఎక్కువ జాగ్రత్తగా వాడుతున్నారని తేలింది. నా దగ్గరకు వచ్చే కేసుల్లో నేను చూసేదీ అదే. జబ్బు ఇంటికి తెచ్చేది ఎక్కువగా దాచిన సంబంధాలే.

చార్లెస్_నది | బోస్టన్

నేను ఉండేది సోమర్‌విల్‌లో, బోస్టన్ పక్కనే. 2020 జూన్‌లో ఈ ఊరి కౌన్సిల్ ఇద్దరికంటే ఎక్కువ మంది కలిసి డొమెస్టిక్ పార్ట్‌నర్‌షిప్ (పెళ్లి కాకుండా కలిసి బతుకుతున్నామన్న గుర్తింపు) నమోదు చేసుకోవచ్చని నిబంధన తెచ్చింది. కోవిడ్ రోజులు అవి, ఆసుపత్రిలో ఎవరిని చూడనిస్తారు, ఆరోగ్య బీమా ఎవరికి వస్తుంది అన్న టెన్షన్ నుంచి పుట్టింది. మర్నాటి ఏడాది కేంబ్రిడ్జ్ కూడా అలాగే చేసింది. మా వీధిలో ముగ్గురు కలిసి ఇద్దరు పిల్లల్ని పెంచుతున్న ఇల్లు ఉంది. మంచు పడితే అందరికంటే ముందు మా మెట్లు కూడా వాళ్లే ఊడుస్తారు.

ఇది చదివి అమెరికాలో అంతా కుదిరిపోతుందని మనవాళ్లు అనుకోకూడదు. అది నగరం ఇచ్చే గుర్తింపు. ఇమిగ్రేషన్ ఫెడరల్ ప్రభుత్వం చేతిలో ఉంటుంది, దాని దృష్టిలో భార్య ఒక్కరే, భర్త ఒక్కరే. వెన్నెల గారూ, ఇష్టం లేకపోతే చెప్పొద్దు గానీ, మీరు హెచ్-4 (భర్త వర్క్ వీసా మీద ఆధారపడిన వీసా) మీద ఉన్నారా? ఉంటే పని చేయడానికి అనుమతి కార్డు, ఈఏడీ ఉందా? అడగడానికి కారణం ఉంది. విడాకులైన రోజుతో హెచ్-4 పోతుంది. అలాంటప్పుడు మీరు చెప్పే "సరే" ఎంతవరకు మీదో ఆలోచించాలి.

వెన్నెల_కె | న్యూజెర్సీ

అవునండీ, హెచ్-4. ఈఏడీ లేదు, ఆయన గ్రీన్‌కార్డు పని ఇంకా ఐ-140 (కంపెనీ వేసే పిటిషన్) దాకా రాలేదు. హైదరాబాద్‌లో టెస్టింగ్‌లో ఉద్యోగం చేసేదాన్ని. ఇప్పుడు నా పేరు మీద బ్యాంకు ఖాతా కూడా లేదు, జాయింట్ ఖాతాయే.

నాకిష్టం లేకపోతే ఏమిటి అని నిన్న అడిగాను. "తొందరేం లేదు, ఆలోచించుకో, నీకు కుదరకపోతే అప్పుడు చూద్దాం" అన్నారు. చూద్దాం అంటే ఏమిటో చెప్పలేదు. శుక్రవారాలు డిన్నర్‌కు ఆవిడతోనే వెళ్తున్నారు, టీమ్ డిన్నర్ అంటారు. నీలాంబరి గారూ, ఆవిడకు ఏం చెప్పారో నాకు తెలియదు. ఆ ప్రశ్న నాకు తట్టనే లేదు.

ఆయన చెడ్డవాడు కాదండీ. పాపకు జ్వరం వస్తే రాత్రంతా కూర్చుంటారు. అందుకే మరీ అయోమయంగా ఉంది.

సీతాకోక | బెంగళూరు

వెన్నెలా, ఇకపై అక్కలా మాట్లాడతాను, ఏమనుకోకు.

పాలీఅమరీ మంచిదని నమ్మే మనిషినే చెబుతున్నాను, ఇప్పుడు నువ్వు ఒప్పుకునే స్థితిలో లేవు. నీ మనసు బలహీనమైందని అనడం లేదు. నీ వీసా, నీ ఇల్లు, నీ డబ్బు అన్నీ అడిగే మనిషి చేతిలో ఉన్నాయి. ఆయన మంచివాడైనా ఆ లెక్క మారదు. బెదిరించకపోయినా మారదు.

ఇంకొకటి. పెళ్లిని తెరవాలా అన్న చర్చ గుమ్మం దగ్గర ఎవరూ ఎదురుచూడని రోజుల్లో జరగాలి. మనిషి ముందే సిద్ధంగా ఉన్నప్పుడు జరిగే చర్చలో నీకు మిగిలేది తేదీ చెప్పడమే. నిజంగా అడుగుతున్నవాడైతే ముందు ఆ డిన్నర్లు ఆపుతాడు. ఆపి, నెలలైనా ఆగుతాడు. ఆగమని ఒకసారి అడిగి చూడు, ఆయన ఏం చేస్తాడో దాన్ని బట్టి నీకు చాలా అర్థమవుతుంది.

నీకూ స్వేచ్ఛ అన్నాడు కదా, అయితే వారంలో ఒక సాయంత్రం, ఒక ఆదివారం పాప బాధ్యత పూర్తిగా ఆయనదే అని ఇప్పుడే మొదలుపెట్టమను. ఆ టైమ్‌లో నువ్వు ఎవరినీ కలవాల్సిన పని లేదు. లైబ్రరీకి వెళ్లు, కోర్సు చేసుకో. రవి మాస్టారు మొదటి రోజు అడిగిన ప్రశ్నకు ఆయన ఇవ్వాల్సిన జవాబు అదే.

ఉప్పుగాలి | విశాఖపట్నం

వేరే పక్క నుంచి కూడా ఒకటి వినండి. మా ఇంట్లో అడిగింది నా భార్య. తనకు కాలేజీ నాటి స్నేహితుడి మీద ప్రేమ ఉంది, నా మీద కూడా ఉంది, దాచి బతకలేనంది. తనది బ్యాంకు ఉద్యోగం, నాది పోర్టులో. వద్దంటే ఇద్దరం ఎవరి కాళ్ల మీద వాళ్లం నిలబడగలం. ఆ ధైర్యం ఉండబట్టే నేను నిజాయితీగా ఆలోచించగలిగానని ఇప్పుడు అనిపిస్తుంది. మేం ఏడాదికి పైగా మాట్లాడుకున్నాకే ఏదైనా మొదలైంది. ఆ మధ్యలో ఆ స్నేహితుడు మా ఊరు కూడా రాలేదు.

నాకు ఇంకెవరూ లేరు, అక్కర్లేదు. ఆమెకు ఇద్దరం. జనం అనుకునేంత నరకమేమీ కాదు, పాడ్‌కాస్ట్‌లు చెప్పినంత స్వర్గమూ కాదు. తను అక్కడికి వెళ్లిన మొదటి రోజుల్లో కడుపులో దేవినట్టు ఉండేది. ఆ సంగతి తనకే చెప్పేవాణ్ని, తను వినేది, నన్ను సమాధానపరచడానికి ప్రయత్నించేది కాదు. అదే నాకు సాయపడింది.

కష్టమంతా దాచడంలో ఉంది. సంక్రాంతికి మా ఊరు వెళ్తే ఆమె ఫోన్ చూసుకుని నవ్వినా మా అమ్మ అడుగుతుంది. అతనికి యాక్సిడెంట్ అయి ఐసీయూలో ఉన్నప్పుడు నా భార్యను లోపలికి పంపలేదు, బంధువు ఎలా అవుతారని అడిగారు. చివరికి అతని చెల్లెలికి ఫోన్ చేసి నేనే బతిమాలాను. ఆ రోజు నుంచి అతన్ని నా ఇంటి మనిషిగానే చూస్తున్నాను. చట్టంలో దీనికి ఏదైనా దారి ఉందా మాధవి గారూ?

మాధవి_అడ్వకేట్ | వరంగల్

బంధుత్వం ఇచ్చే దారి లేదండీ. కాగితాలతో కొంత చేసుకోవచ్చు. 2025 నవంబరు నుంచి బ్యాంకు ఖాతాకు నలుగురి దాకా నామినీలను పెట్టుకోవచ్చు, వాళ్లు రక్తసంబంధీకులే కావాలని లేదు. అయితే నామినీ అంటే డబ్బు అందుకునేవాడే, సొంతదారు కాడు. వారసులు అడిగితే ఇవ్వాల్సిందే. అతనికి ఏదైనా మీ భార్యకు చెందాలని ఉంటే వీలునామా రాసి ఇద్దరు సాక్షులతో సంతకాలు చేయించాలి, రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు గానీ చేయిస్తే మేలు. సొంతంగా సంపాదించిన ఆస్తిని ఎవరికైనా రాయవచ్చు. ఆసుపత్రి విషయంలో, తనకు స్పృహ లేనప్పుడు ఎవరిని అడగాలో అతను ముందే రాసి ఉంచడం మేలు.

లత_కౌన్సెలర్ | హైదరాబాద్

పిల్లల గురించి నాకు మెసేజ్‌లు వస్తున్నాయి కాబట్టి రాస్తున్నాను. అమెరికాలో ఎలిజబెత్ షెఫ్ 1990ల నుంచి రెండు దశాబ్దాలకు పైగా పాలీఅమరస్ కుటుంబాలను గమనించారు. పెద్దలు నిలకడగా, నిజాయితీగా ఉన్న ఇళ్లలో పిల్లలు బాగానే పెరిగారని రాశారు. తమకు దగ్గరైన పెద్దవాళ్లు విడిపోయి వెళ్లిపోతే పిల్లలు బాధపడ్డారని కూడా రాశారు. ఆమె చూసినవాళ్లు ఎక్కువగా తెల్లజాతి మధ్యతరగతి కుటుంబాలు. వాళ్ల పిల్లలను అత్తగారు, అపార్ట్‌మెంట్ సెక్రటరీ నిలదీయరు. మన ఇళ్లలో ఆరేళ్ల పాపను "ఇది ఎవరికీ చెప్పకు" అనే పరిస్థితి వస్తే, ఆ బరువు ఆ వయసుకు ఎక్కువ. వెన్నెల గారూ, పాపకు తెలియాల్సిన పరిస్థితి రాకముందే ఇద్దరూ కౌన్సెలర్ దగ్గరకు వెళ్లండి. మీ ఆయన ఎంచుకున్నవారి దగ్గరకే కాకుండా మీరు ఒక్కరే మాట్లాడగలిగే మనిషి కూడా ఉండాలి. న్యూజెర్సీలో 1985 నుంచి దక్షిణాసియా మహిళల కోసం పనిచేస్తున్న మానవి అనే సంస్థ ఉంది.

రవి_మాస్టారు | గుంటూరు

నా అభిప్రాయం మారలేదు. పెళ్లంటే ఇద్దరిదే అని నమ్ముతాను, నా పిల్లలకూ అదే చెబుతాను. కానీ ఉప్పుగాలి గారు ఐసీయూ బయట చేసిన పని నేను చేయగలిగేవాడినో కాదో. అమ్మా వెన్నెలా, నీ పాస్‌పోర్టు, సర్టిఫికెట్లు నీ దగ్గరే ఉన్నాయా? ముందు అది చూసుకో.

వెన్నెల_కె | న్యూజెర్సీ

ఉన్నాయి మాస్టారూ. ఈ వారం నా పేరు మీద ఖాతా తెరిచాను, హైదరాబాద్‌లో నా పాత మేనేజర్‌తో మాట్లాడాను.

నిన్న ఆయనతో కూర్చున్నాను. నాకంటూ పని, సంపాదన, వీసా వచ్చేదాకా ఈ విషయం ఎత్తొద్దన్నాను. అప్పుడు కూడా నా జవాబు వద్దు అనే కావచ్చని చెప్పాను. శుక్రవారం డిన్నర్లు ఆపమన్నాను. ఆవిడకు నా గురించి ఏం చెప్పారో నా ముందే చెప్పమన్నాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, నాకు సగమే తెలుసని ఆవిడ అనుకుంటోందన్నారు. కోపం వచ్చింది, ఆ కోపం చూపించాను కూడా. శనివారాలు పాపను ఈతకు తీసుకెళ్లడం ఇక ఆయన పనే. కౌన్సెలర్‌కు ఒప్పుకున్నారు, డిన్నర్ల గురించి ఇంకా సమాధానం రాలేదు.

నీలాంబరి గారూ, ఆవిడకు నేనే నేరుగా రాయవచ్చా? ఏమని రాయాలి?

నీలాంబరి | పుణె

రాయకండి, ఇప్పుడే వద్దు. ఆవిడకు నిజం చెప్పాల్సింది ఆయన. ఆయన చెప్పాక ఆవిడకు ఇష్టమైతే ఆవిడే మీకు రాస్తుంది. నాకైతే ఆ భార్య నుంచి ఒక్క ఫోన్ వచ్చినా బాగుండేదని ఇప్పటికీ అనిపిస్తుంది, కానీ అప్పుడే వచ్చి ఉంటే భయపడిపోయేదాన్ని. కౌన్సెలర్ దగ్గర మొదటి రోజే ఈ సంగతి పెట్టండి.